గొర్రెలు తగ్గినా మాంసం అంతగా ఎందుకు తగ్గలేదు? తెలిసినోళ్లు చెప్పండన్నా

అన్నా అందరికీ నమస్తే, మాది అనంతపురం పక్కన పల్లె, ఇంట్లో 60 జీవాలు ఉన్నాయి. మొన్న న్యూజిలాండ్ లెక్కలు చూసి తల తిరిగింది. 1982లో వాళ్లకు 7 కోట్ల గొర్రెలంట, ఇప్పుడు రెండున్నర కోట్లు కూడా లేవు, డెయిరీ పెరిగిందని, ఉన్నికి రేటు పడిపోయిందని చానా మంది వదిలేసినారు. కానీ మాంసం మాత్రం ఆ లెక్కన పడిపోలా, ఒక్కో తల్లికి పిల్లలు ఎక్కువ నిలబడతా ఉండాయి, పిల్ల బరువు కూడా పెరిగిందంట.

మన దగ్గర చూస్తే రివర్స్. 2019 పశుగణనలో దేశంలో 7.4 కోట్ల గొర్రెలు, 2012 కంటే 14 శాతం ఎక్కువ, మన ఏపీలోనే కోటీ 76 లక్షలు. మరి బరువు సంగతేంది? సంతలో తూకమే ఉండదు, దళారి వచ్చి పొట్టేలు నడుం మీద రెండు వేళ్లు పెట్టి నొక్కి రేటు చెప్తాడు, మా నాయన తలూపుతాడు, అయిపాయె బేరం.

నా డౌట్ ఏందంటే, మన దేశంలో ఒక్కో గొర్రెకు సగటున ఎంత మాంసం వస్తాందో ఏడాదివారీ లెక్క యాడ దొరుకుతుంది? ఇంకోటి, పిల్లల్ని మూడు నెలలకే అమ్మేయకుండా చెనక్కాయ కట్టె (కాయలు తీసినాక మిగిలే ఎండు మేత), కొంచెం దాణా పెట్టి ఇంకో మూడు నెలలు మేపితే గిట్టుబాటు అయితాదా? మేపినోళ్లు ఖర్చుతో సహా చెప్పండి, ఊరికే లాభమే లాభం అనే వీడియోలు వద్దు సామీ.