‘బోగస్ శాసనసభ’ను తెలుగులో ఏమనాలి?

అందరికీ నమస్కారం. అమెరికాలోని కాన్సస్ చరిత్ర మీద చిన్న వ్యాసం తెలుగు చేస్తున్నాను. మూడు రోజులుగా ఒక్క మాట దగ్గరే బండి ఆగిపోయింది.

1855లో కాన్సస్ ఇంకా రాష్ట్రం కాదు, టెరిటరీ. గవర్నర్‌ను అధ్యక్షుడు పంపిస్తాడు, సభను మాత్రం అక్కడివాళ్లు ఎన్నుకుంటారు. ఆ మొట్టమొదటి సభకు బానిసత్వ వ్యతిరేకులు పెట్టిన పేరు ‘బోగస్ లెజిస్లేచర్’. తిట్టుగా మొదలై చరిత్ర పుస్తకాల్లో అదే పేరుగా నిలిచిపోయింది.

బానిసత్వం ఉండాలా వద్దా అన్నది కాన్సస్‌లో స్థిరపడినవాళ్లే తేల్చుకోవాలని 1854 చట్టం. పక్కనున్న మిస్సోరీలో బానిసత్వం ఉంది. 1855 మార్చి 30న పోలింగ్. అంతకు కొద్దివారాల ముందు తీసిన లెక్కలో ఓటుహక్కు ఉన్నవాళ్లు 2,905 మంది. పడిన ఓట్లు ఆరు వేలు దాటాయి! బానిసత్వం కావాలనేవాళ్లు మిస్సోరీ నుంచి బళ్లు కట్టుకుని, తుపాకులూ గుడారాలతో సహా దిగారు. ఒక్క లారెన్స్ ఊరికే వెయ్యి మంది దాకా వచ్చారు, వెంట రెండు ఫిరంగులు. ఓట్లేసి మళ్లీ బళ్లెక్కి ఇళ్లకు పోయారు. తర్వాత అమెరికా కాంగ్రెస్ కమిటీ కూర్చుని లెక్క తీస్తే సక్రమమైన ఓట్లు 1,410, అక్రమమైనవి 4,908.

‘నకిలీ శాసనసభ’ అంటే ఎక్కడో అసలుది ఉండి దానికి ఇది నకలు అనిపిస్తోంది. ‘బూటకపు’ అంటే ఎన్‌కౌంటర్ గుర్తొస్తోంది. ప్రస్తుతానికి ‘చెల్లని శాసనసభ’ అని పెట్టాను. ఏమంటారు?

జవాబు: బోగస్‌ను బోగస్ అనే ఉంచండి సార్. రేషన్ కార్డు దగ్గర్నుంచి డిగ్రీ సర్టిఫికెట్ దాకా వాడేస్తున్నాం, ఇంకా పరాయి మాట ఏమిటి? మా నాన్నమ్మ కూడా ‘వాడో బోగస్ మనిషి’ అనేది. ‘భోగస్’ అని ఒత్తు పెట్టి భోగంతో ముడిపెట్టేవాళ్లు మన గ్రూపులోనే ఉన్నారు, వాళ్ల జోలికి నేను పోను.

జవాబు: ఒత్తు పెట్టేవాళ్లలో నేనూ ఒకణ్ణి లెండి, ఒకప్పుడు. ఆ మాట అమెరికాలోనే పుట్టింది. 1820ల్లో ఒహాయో ప్రాంతంలో దొంగ నాణేలు తయారుచేసే యంత్రాన్ని బోగస్ అన్నారు. తర్వాత ఆ నాణేన్నే అలా అన్నారు, ఆపైన కల్తీ సరుకు ఏదైనా బోగస్ అయింది. అంతకు ముందు మూలమేమిటో నిఘంటుకారులే తేల్చుకోలేదు. కాబట్టి 1855లో ఆ తిట్టు విన్నవాడి చెవిలో నాణెం చప్పుడు ఇంకా ఉండే ఉంటుంది. అందుకే మీ ‘చెల్లని’ నాకు నచ్చింది. నాణెం చెల్లుతుంది, చట్టం చెల్లుతుంది, ఓటు చెల్లుతుంది. మూడింటికీ ఒకే క్రియ ఉన్న భాష మనది.

జవాబు: మాస్టారూ, అక్కడే నాకు పేచీ. ఆ సభ చెల్లింది! ఏడుపంతా అందుకే. గవర్నర్ రీడర్ చాలామంది గెలుపుకు స్వయంగా సర్టిఫికెట్లు ఇచ్చాడు. ఫిర్యాదులొచ్చిన కొన్నిచోట్ల మాత్రం మే 22న మళ్లీ పోలింగ్ పెట్టించాడు. అలా గెలిచినవాళ్లను సభ బయటికి పంపి పాతవాళ్లనే కూర్చోబెట్టుకుంది. మిస్సోరీ సరిహద్దుకు వంద మైళ్లకు పైగా లోపల, పానీ అనే ఊళ్లో ఆయన సమావేశం పెడితే, నాలుగైదు రోజులు కూర్చుని, ఆయన వీటోను తోసిపుచ్చి మిస్సోరీకి కూతవేటు దూరంలోని షానీ మిషన్‌కు మకాం మార్చారు. (పానీలో ఆయనకు స్థలాలున్నాయి లెండి, అదో గొడవ.) అక్కడ మిస్సోరీ చట్టాలనే దించేసుకున్నారు. ‘స్టేట్’ అన్నచోట ‘టెరిటరీ’ అని చదువుకోవాలని ఒక నిబంధన రాసుకుంటే పని అయిపోయింది. అనువాదకులకు కూడా అంత తీరిక దొరకదు! బానిసలను ఉంచుకునే హక్కు ఇక్కడ లేదని మాట్లాడినా, అచ్చువేసినా రెండేళ్లకు తక్కువ కాకుండా కఠిన శిక్ష అని ఇంకో చట్టం. లారెన్స్‌లో ఒక పత్రిక ఆ చట్టాన్ని ధిక్కరిస్తూ పేజీ నిండా పెద్ద అక్షరాలతో అచ్చేసింది. వాషింగ్టన్ మాత్రం ఆ సభనే అసలుది అంది. బానిసత్వ వ్యతిరేకులు టొపీకా అనే ఊళ్లో తమ సభ తాము పెట్టుకుంటే, 1856 జులై 4న గుర్రపు దళాన్ని పంపి చెదరగొట్టారు. మరి చెల్లనిది ఏది?

జవాబు: అయితే ‘దొంగ శాసనసభ’ అనండి. దొంగనోటు చెల్లకపోతే ఎవరికీ బాధ లేదు, చెల్లుతున్నంతసేపే ప్రమాదం. పైగా మనకు దొంగ నిద్ర, దొంగ ఏడుపు, దొంగ జ్వరం, దొంగ స్వామి ఉన్నాయి. కళ్లు మూసుకునే ఉంటాడు, నిద్ర మాత్రం ఉండదు.

జవాబు (పోస్టు పెట్టిన నేనే): దొంగ నిద్ర పోలిక బాగుంది. ‘దొంగల సభ’ అని చదువుకుంటారేమోనని జంకు.

జవాబు: చదువుకోనివ్వండి, కాన్సస్ వాళ్లకు అభ్యంతరం ఉండేది కాదు.

జవాబు: ఆలస్యంగా వచ్చాను. ఎలక్షన్ డ్యూటీలు చేసినవాణ్ణి కాబట్టి ఒక మాట. దొంగ ఓటు వేరు, బోగస్ ఓటు వేరు. బూత్‌లోకి మనిషి వస్తాడు, కానీ వేయవలసినవాడు కాదు: అది దొంగ ఓటు. జాబితాలో పేరుంటుంది, మనిషే ఉండడు: అది బోగస్. మీ 1855 కథలో మనుషులు నిజంగానే వచ్చారు, ఫిరంగులు లాక్కుని మరీ వచ్చారు. కాబట్టి మన వాడుకలో అది దొంగ ఓట్ల సభ. అసలు బోగస్ 1857 అక్టోబర్ ఎన్నికల్లో జరిగింది. కాన్సస్‌లోనే ఆక్స్‌ఫర్డ్ అనే చోట నాలుగిళ్ల పల్లెకు 1,600కు పైగా ఓట్లు చూపించారు. ఆ పేర్లు సిన్సినాటి నగర డైరెక్టరీ నుంచి ఎత్తి రాశారని అప్పట్లో చెప్పుకున్నారు. గవర్నర్ వాకర్ ఆ జాబితాను కొట్టేశాడు, దాంతో సభ బానిసత్వ వ్యతిరేకుల చేతికొచ్చింది. బోగస్ ఓట్లను ఏరేశాక వచ్చిన ఆ కొత్త సభకేమో ఆ పేరు రాలేదు. వ్యాసంలో దాన్ని కూడా చేరుస్తారా, 1855తో ఆపేస్తారా?