బురుజు: మా ఊరిది, దుబాయిది

మొన్న ఆదివారం మా అక్క కొడుకు దుబాయి నుంచి వీడియో కాల్ చేసిండు. డ్యూటీ లేదని బుర్జ్ ఖలీఫా కాడికి పోయిండట, ఫోన్ పైకెత్తి చూపిస్తుండు, చూపిస్తనే ఉన్నడు, కొస దొరుకుతలేదు. అక్కడ్నుంచే అడిగిండు, "మామా, ఈడ బుర్జ్ ఖలీఫా, బుర్జ్ అల్ అరబ్ అని అన్నిటికీ అదే పేరు పెడ్తరు, అసలు బుర్జ్ అంటే ఏంది?" అని. నేనన్న, "అరేయ్, మన ఊరి బురుజే రా, చిన్నప్పుడు దాని మీదికెక్కి దిగరాక ఏడ్చినవు చూడు, గదే." వాడు కొద్దిసేపు ఏం మాట్లాడలే. తర్వాత "నిజమా మామా" అన్నడు.

నిజమే, మాట ఒక్కటే. వాడికి ఫోన్ల సగమే చెప్పిన, మిగిలింది ఇక్కడ రాస్తున్న, తప్పులుంటే పెద్దలు దిద్దండి.

అరబీల బుర్జ్ అంటే ఎత్తు కట్టడం, ముఖ్యంగ కోట గోడకు కట్టేది. ఆకాశంల రాశులను కూడా బుర్జ్ అనే అంటరు, అంటే మన మేషం వృషభం వాళ్లకు బుర్జులే. అరబీకి అది గ్రీకు పిర్గోస్ నుంచి వచ్చిందని చాలామంది పండితుల మాట. పారసీ, ఉర్దూల మీదుగా మన దాకా వచ్చినంక దాని నడుమ ఒక "ఉ" చేరింది, చివర ఇంకో "ఉ" చేరింది, బుర్జ్ కాస్తా బురుజు అయ్యింది. ఇది ఒక్క ఈ మాటకే జరగలే. హుక్మ్ అన్నది హుకుం అయ్యింది, జుల్మ్ అన్నది జులుం అయ్యింది, అస్ల్ అసలు అయ్యింది, నక్ల్ నకలు అయ్యింది. జర గమనించండి, ముందున్న అచ్చు ఏదైతే నడుమ చేరే అచ్చు కూడా అదే! హు పక్కన ఉకారం, అ పక్కన అకారం. ఉర్దూ మాట్లాడేటోళ్ల నోట్లనే సగం మారింది, చివరి "ఉ" మాత్రం మనం పెట్టుకున్నదే. ఫిక్ర్ ఒక్కటి ఫికరు అయ్యి లెక్క తప్పింది, అట్లాంటివి ఇంకా ఉంటే చెప్పండి. బు-రు-జు అని మూడు ఉకారాలు వరుసగా పడేసరికి ఆ మాట మనకు పరాయిదని ఎవరికీ అనిపియ్యదు. మా అమ్మ బురుజుకాడ అంటది, బురుజెనుక అంటది, అది అరబీ మాట అని చెప్తే నవ్వుతది.

ఇగ మా ఊరి బురుజు. ఊరి నడిమిట్ల ఒంటరిగ నిలబడ్డది, చుట్టూ కోట లేదు, గోడ లేదు. కింద పెద్ద పెద్ద రాళ్లు, పైకి పోయినకొద్దీ చిన్న రాళ్లు, మట్టి, సున్నం. కింద వెడల్పు, పైన సన్నం, వడ్లు పోసే గుమ్మి బోర్లేసినట్టు ఉంటది. పైన చుట్టూ ఛాతీ ఎత్తు గోడ, ఆ గోడకు కంతలు. చిన్నప్పుడు ఆ కంతల్ల చెయ్యి పెట్టి ఆడుకునేటోళ్లం, లోపలి వైపు చెయ్యి మొత్తం పడ్తది, బయటి వైపు నాలుగు వేళ్లే పడ్తయి. అట్ల ఎందుకు కట్టిన్రో చాలా ఏండ్ల తర్వాత అర్థమైంది, లోపలున్నోడు తుపాకి గొట్టం అటు ఇటు తిప్పొచ్చు, బయటున్నోడికి గురి దొరకదు. గుండ్రంగ కట్టుడు కూడా ఊకెనే కాదు. మూలలుంటే ఫిరంగి గుండు తగిలినప్పుడు మూల ముందు ఇరుగుతది, గుండ్రం గోడకైతే గుండు జారి పక్కకు పోతది, పైగా మూల చాటున దుష్మన్ దాక్కునే జాగ ఉండదు. గోల్కొండకు 87 బురుజులున్నయి, అవన్నీ గట్ల బయటికి పొడుచుకొచ్చి ఉంటయి, ఒక బురుజు మీద నిలబడ్డోడికి పక్క బురుజు కాళ్లు కూడా కనపడ్తయి.

అయితే నాకు బురుజు అంటే ముందు యాదికొచ్చేది గోల్కొండ కాదు, బైరాన్‌పల్లి. ఇప్పుడు సిద్దిపేట జిల్లాల ఉన్నది. రజాకార్లు వస్తున్నరంటే బురుజు మీద కావలి ఉన్నోళ్లు నగారా కొట్టి ఊరిని లేపేటోళ్లు. 1948 ఆగస్టు 27న ఆ ఊరి మీద పడి మందిని నిలబెట్టి కాల్చిన్రు. ఇంకో మూడు వారాలైతే నిజాం లొంగిపోయిన సెప్టెంబర్ 17 వచ్చేది. ఆ బురుజు ఇప్పటికీ నిలబడే ఉన్నది. ఆ కాలంల ఊర్లల్ల జొన్నచేన్ల మంచె మీద నిలబడి పిట్టలను కొట్టిన రాళ్ల వడిసెలే బురుజు మీదికెక్కింది, అది కూడా జర మనసుల పెట్టుకోండి. మంచె, బురుజు రెండింటి పని కావలే, ఒకటి చేనుకు ఒకటి ఊరికి.

అంతా కాపాడిన బురుజులే అని కూడా అనను. దొరల గడీలకు కూడా బురుజులున్నయి, అక్కడ్నుంచి చూసింది దొంగలను కాదు, ఊరినే. ఆ నీడల పెరిగిన ముసలోళ్లు బురుజు అన్న మాటను వేరే గొంతుతోని అంటరు.

కామెంట్, విజయవాడ నుంచి:

అన్నా, పోస్టు బాగుంది, ఉకారాల సంగతి నేనెప్పుడూ గమనించలేదు. కానీ ఒక్క మాట. బురుజుకి మనకి కొత్తళం అని చక్కటి మాట ఉంది కదండీ, కోటకొత్తళాలు అని పాత పుస్తకాల్లో కనబడుతూనే ఉంటుంది, కన్నడంలో కూడా కొత్తళ అనే అంటారు. ఉన్న మాట పోయి అరబీ మాట మిగలడం నాకెందుకో బాధగా ఉంటుంది. ఇంకోటి, ఆగస్టు 15 వచ్చిందంటే వార్తల్లో ఎర్రకోట బురుజుల మీద నుంచి ప్రసంగం అంటారు, ప్రధాని నిలబడేది ప్రాకారం మీద కదా, బురుజు మీద కాదు కదా. అది ఎవరు దిద్దాలి?

జవాబు:

ఎర్రకోట సంగతి మీరు చెప్పింది కరెక్ట్ మేడం, అది బురుజు కాదు. కొత్తళం పోయిందని బాధ నాకూ ఉన్నది. కానీ కొత్తళం కోటకు అంటుకొని ఉంటది, కోట లేకుండ కొత్తళం లేదు, అందుకే ఆ రెండూ జంటగనే వినపడ్తయి. మా ఊర్ల కోట ఎన్నడూ లేదు, ఒక్క బురుజే ఉన్నది. గోడ లేకుండ ఒంటిగ నిలబడి ఊరిని కాసే దానికి ఒక పేరు కావాలె, ఆ పేరు బురుజు అయ్యింది. అరబీలనేమో ముఖ్యంగ కోట గోడకు ఉండేది, మా దగ్గర ఊరి నడుమ ఉండేది. మాట వాళ్లదే గని అర్థం ఇక్కడ మాగింది. కొత్తళాన్ని కోట గురించి రాసేటప్పుడు తప్పకుండ వాడుదాం, నేనైతే ఇప్పటి నుంచి వాడ్త.

కామెంట్, కర్నూలు నుంచి:

మా కొండారెడ్డి బురుజు మాట ఎత్తకుండా ఇంత రాసినావే అన్నా! విజయనగరం వాళ్ల కాలంలో, అచ్యుతదేవరాయలప్పుడు కట్టిన కోటలో మిగిలింది ఇది. సినిమావోళ్లు దాని ముందర ఎన్ని ఫైట్లు తీసినా నాకు మాత్రం దాని పేరే గొప్పగా అనిపిస్తాది. తుంగభద్ర అవతల ఆలంపూర్‌ను ఏలిన కొండారెడ్డిని కర్నూలు నవాబు ఇందులో బంధించినాడని చెప్తారు, అందుకే ఆ పేరు. కట్టించినోళ్ల పేరు నిలవలేదు, బంధించినోడి పేరు నిలవలేదు, లోపల మగ్గినోడి పేరు నిలిచింది. రాజులు పెట్టిన పేర్లు ఎన్ని పోయినాయో, జనం పెట్టుకున్నది మాత్రం పోలేదు. మా అవ్వ దాన్ని ఉత్త బురుజు అనేది కాదు, ఎప్పుడన్నా సరే కొండారెడ్డి బురుజు అని పూర్తిగా అనేది, మనిషిని పిలిచినట్టు.

జవాబు:

ఈ ముక్క కోసమే పోస్టు పెట్టిన అనుకో తమ్మీ. దుబాయి దానికి ఉల్టా అయ్యింది చూడు. కట్టినన్ని రోజులు అది బుర్జ్ దుబాయి, 2010 జనవరి 4న తెరిచిన రోజునే బుర్జ్ ఖలీఫా అన్నరు. అప్పులల్ల దుబాయి ఇబ్బంది పడ్తున్నప్పుడు అబుదాబి పైసలిచ్చింది, అప్పటి అబుదాబి ఏలిక పేరు పెట్టిన్రు.

కామెంట్, దుబాయి నుంచి:

అన్నా నమస్తే. మాది జగిత్యాల, ఇక్కడ సైట్ల మీద పని చేసుడు పదిహేనేండ్లు దాటింది. మీరు గుండ్రంగ ఎందుకు కడ్తరో రాసిన్రు గదా, దీని సంగతి కూడా గట్లనే ఉంటది, అందుకని రాస్తున్న. ఖలీఫా ఎత్తు 828 మీటర్లు, 163 అంతస్తులు. పై నుంచి చూస్తే మూడు రెక్కలు, నడుమ గట్టి గుంజ లెక్క ఒక దిమ్మె, మూడు రెక్కలు ఒకదానికొకటి ఆనుకొని ఆ దిమ్మెను పట్టుకుంటయి. స్పైడర్ లిల్లీ పువ్వు రూపం చూసి తీసుకున్నమని కట్టినోళ్లు చెప్పిన్రు. పైకి పోయినకొద్దీ ఒక్కో రెక్క ఒక్కో దగ్గర ఆగిపోతది, మెట్లు మెట్లుగ చుట్టు తిరిగి సన్నమైతది. అది అందం కోసం మాత్రమే కాదన్నా. ఇంత ఎత్తుల దుష్మన్ ఫిరంగి కాదు, గాలి. కట్టడం కింది నుంచి పైదాకా ఒక్క తీరుగ ఉంటే గాలి దాని పక్కల పొంటి సుడులు సుడులుగ తిరిగి ఒక్క తాళంల ఊపుతది, ఊపు పెరుగుకుంట పోతది. ఒక్కో ఎత్తుల ఒక్కో ఆకారం ఉంటే సుడులు కలవయి, గాలికి తాళం దొరకదు. మన బురుజు గుండును జారగొట్టినట్టే ఇది గాలిని తికమక పెడ్తది. బుర్జ్ అల్ అరబ్ అయితే పడవ తెరచాప లెక్క కట్టిన్రు, అది 1999ది, 321 మీటర్లు.

ఇంకొకటి చెప్త. 2021 అక్టోబర్ల ఖలీఫా మీద బతుకమ్మను లైట్లల్ల చూపించిన్రు. కింది నుంచి పైదాకా పూలు ఎక్కుకుంట పోతుంటే నాకు వేరే ఏం తోచలే, మా అమ్మ పళ్లెంల తంగేడు పువ్వు వరుస, గునుగు వరుస, మళ్ల బంతి వరుస పేర్చుకుంట పోయేది యాదికొచ్చింది. కింద వెడల్పు, వరుస వరుసకు లోపలికి జరిగి పైన గౌరమ్మ. ఆ బిల్డింగ్ ఆకారం కూడా గదే కదా అన్నా! మా అమ్మకు ఫోన్ల చూపిస్తే ఏమన్నదో ఎరుకనా, "మస్తు ఎత్తు పేర్చిన్రు బిడ్డా" అన్నది.

జవాబు:

తమ్మీ, కండ్లల్ల నీళ్లు తెప్పించినవ్. ఈ పోలిక నాకు రాలే.

కామెంట్, హైదరాబాద్ నుంచి:

నేను పుట్టింది పేట్లబురుజు ఆస్పత్రిలో, నా పిల్లలు పుట్టిందీ అక్కడే, కానీ ఆ పేరులో బురుజు ఉందని ఈ పోస్టు చదివేదాకా ఆలోచించనే లేదు. ఒక డౌట్. నేను ట్రాన్స్‌లేషన్ పని చేస్తాను, టవర్ అని వచ్చినప్పుడల్లా ఆగిపోతాను. గోపురం అందామంటే గుడి గుర్తొస్తుంది, స్తంభం అంటే సన్నగా ఉండాలి, బురుజు అంటే కోట. టవర్‌కి తెలుగులో ఒక్క మాట లేదా?

జవాబు:

లేదు మేడం, నా మట్టుకు అది లోటు అనిపియ్యదు. మన దగ్గర ఎత్తును బట్టి పేరు పెట్టలే, అది చేసే పనిని బట్టి పెట్టిన్రు. గోపురం అంటే ద్వారం, అమరకోశం కూడా పురద్వారం అనే చెప్తది, ఎంత ఎత్తున్నా అది లోపలికి పిలిచే తలుపే. మంగళగిరి గాలిగోపురం 153 అడుగులు, 11 అంతస్తులు, వాసిరెడ్డి వెంకటాద్రి నాయుడు కట్టించిండు, అంత ఎత్తు ఉండి కూడా దాని పని దారి ఇచ్చుడే. గర్భగుడి మీద ఉండేదాన్ని గోపురం అనరు, విమానం అంటరు, చాలామంది ఇక్కడ తప్పు పోతరు. మినార్ అరబీ మాట, వెలుగు ఉండే చోటు అని దాని మూలం, చార్మినార్ 1591ది. గడియారం మోసేది గడియార స్తంభం. కావలి కాసేది బురుజు. సిగ్నల్ ఇచ్చేది సెల్ టవర్, దాని పని కొత్తది కాబట్టి పేరు కూడా కొత్తదే వచ్చింది, దాన్ని గట్లనే ఉండనియ్యండి. అందుకని టవర్ అని వచ్చినప్పుడు అది ఏం చేస్తదో చూడండి, మాట దానంతట అదే దొరుకుతది. అంతా కలిపి ఒక్క మాటల చెప్పాలంటే మటుకు కష్టమే, అప్పుడు టవర్ అనే రాయండి, చదివేటోడికి అర్థం కావాలె గదా.

కామెంట్, విజయవాడ నుంచి:

మరి బుర్జ్ ఖలీఫాని తెలుగులో బురుజు అనొచ్చా? అది కావలి కాయదు కదండీ.

జవాబు:

మంచి ప్రశ్న, రాత్రంతా ఆలోచించిన. కావలి కాయదు, నిజమే. బురుజు కట్టింది అక్కడ్నుంచి దూరం చూసేటందుకు, ఖలీఫా కట్టింది దూరం నుంచి దాన్ని చూసేటందుకు. చూపు తిరగబడ్డది. అందుకే పేరుగ బుర్జ్ ఖలీఫా అనే ఉంచుదాం, తెలుగు చేసి ఖలీఫా బురుజు అంటే మన బురుజుకున్న అర్థం పల్చనైతది. మా అల్లుడికి మాత్రం నేను చెప్పింది చెప్పినట్టే ఉంచుత, వాడికి అక్కడ ఒక ఇంటి మాట దొరికింది.

ఇంకో సంగతి, పొద్దున వాడే మెసేజ్ పెట్టిండు. వాని రూంల ఒక పంజాబీ పిలగాడు ఉంటడట. ఈ బురుజు ముచ్చట చెప్తే ఆ పిలగాడు లేచి కూసొని, పంజాబ్‌ల బుర్జ్ అని ఊరి పేర్లే మస్తున్నయి అన్నడట. మనోడు మా ఊరి బురుజు ఫోటో కావాల్నని అడిగిండు. రేపు పొద్దుగాల ఎండ పడకముందు పోయి తీస్త, కంతల్ల ఒకదాంట్ల రావి మొక్క మొలిచింది, అది కూడా వచ్చేటట్టు.