"ఎవరి కారణాలు వారికుంటాయి": ఒక్క 'సే' గురించిన చర్చ

ప్రశ్న వేసినవారు: ఫ్రెంచి దర్శకుడు జాఁ రెన్వార్ 1939లో తీసిన 'ల రెగ్ల్ ద్యు జ్యు' ('ఆట నియమం') చిత్రంలో నటుడు మార్సెల్ దాలియో నోట వచ్చే ఒక వాక్యం చాలాకాలంగా నన్ను వదలడం లేదు. ఈ లోకంలో ఘోరమైన సంగతి ఒకటున్నదనీ, అది ఎవరి కారణాలు వారికి ఉండటమేననీ దాని భావం. ఇక్కడ కారణమనాలా, న్యాయమనాలా? "ఎవరి న్యాయం వారిది" అంటే చెవికి ఇంపుగానే ఉంది గాని, అర్థం పక్కకు జరుగుతున్నదేమోనని అనుమానం.

సినిమా సభ్యుడు: ఆ మాట దాలియోది కాదండీ. ఒక్తావ్ వేషం వేసిన రెన్వారే, మార్క్విస్ అనే బిరుదున్న ప్రభువు వేషంలో ఉన్న దాలియోతో అంటాడు. దాన్ని ఉదహరించేవారంతా అక్కడే ఆగిపోతారు గనుక మార్క్విస్ ఇచ్చే జవాబు ఎవరికీ గుర్తుండదు. అవును, అందరికీ ఉంటాయి, ఎవరివి వారు స్వేచ్ఛగా చెప్పుకోవాలనేదే తన పక్షమంటాడు. తాను అడ్డుగోడలకు వ్యతిరేకినని కూడా చెప్పి, తన భార్యను ప్రేమిస్తున్న విమానచోదకుణ్ణి ఇంటికి పిలవడానికి ఒప్పుకుంటాడు. ఒక్తావ్‌కు ఘోరంగా తోచినదే మార్క్విస్‌కు మర్యాదగా తోస్తుంది. మీరు ఎంచుకునే తెలుగు మాట ఈ ఇద్దరి నోటా పలకాలి.

యానాం మాస్టారు: ఫ్రెంచిలో ఆ వాక్యం "తూ ల మోంద్ ఆ సే రెజోఁ". చర్చంతా అందులోని ఒక్క 'సే' మీద, అంటే 'తన' అనే మాట మీద నిలిచి ఉంది. "తూ ల మోంద్ ఆ రెజోఁ" అంటే అందరిదీ ఒప్పేనని అర్థం. నడుమ 'సే' చేరగానే తప్పొప్పుల ప్రసక్తి పోయి, ఎవరి కారణాలు వారికున్నాయన్నంత మటుకే మిగులుతుంది. న్యాయం అన్న మాట ఆ 'సే'ను మింగేస్తుంది. ఫ్రెంచి చదువు చదివినవారికి ఈ పలుకుబడి వినగానే పదిహేడో శతాబ్దపు తత్వవేత్త పాస్కల్ తలపునకు వస్తాడు. హృదయానికి తన కారణాలున్నాయి, వాటిని బుద్ధి ఎరగదన్న వాక్యంలో ఇదే 'సే రెజోఁ' ఉన్నది. అక్కడ బహువచనంలో కారణాలైన మాట ఏకవచనంలో బుద్ధి అవుతుంది. రెన్వార్ చెవిలో పాస్కల్ మోగుతూనే ఉన్నాడని నా నమ్మకం.

తిక్కన అభిమాని: మాస్టారూ, అంతదూరం పోనక్కరలేదు. ధృతరాష్ట్రుడు, సంజయుడు, ద్రౌపది ఎవరికి వారు మాట్లాడుతుంటే, వింటున్నంతసేపూ ఆ పలికేవారిదే సబబనిపించేటట్లు ఉద్యోగపర్వాన్ని నడిపిన కవి మనకున్నాడు. అందువల్ల ఆ 'సబబు'నే పరిశీలించండి. "ఎవరి సబబు వారికుంది" అంటే కారణమూ వస్తుంది, ఔచిత్యమూ వస్తుంది.

యానాం మాస్టారు: అరబ్బీ నుంచి వచ్చిన సబబుకు మూలార్థం కారణమే, కాదనను. నేటి పాఠకుడికి మాత్రం సమంజసమన్న అర్థమే ముందు తడుతుంది. 'సే' మళ్లీ పోయినట్లే.

సినిమా సభ్యుడు: మాట మీద ఇంత తర్కించి, విన్నవాణ్ణి మరిచిపోతున్నాము. దాలియో పారిస్‌లో పుట్టిన యూదు. 1937 నాటి 'ల గ్రాంద్ ఇల్యూజియోఁ'లో ఆయన పాత్ర పేరు రోసెన్‌తాల్. 'ల రెగ్ల్ ద్యు జ్యు'లో నౌకర్లు భోజనాల బల్ల దగ్గర కూర్చుని, మార్క్విస్ తల్లి తరఫు తాత ఫ్రాంక్‌ఫర్ట్ నుంచి వచ్చిన రోసెన్‌తాలేనని ఎకసెక్కెం చేస్తారు. వంటవాడు మాత్రం, బంగాళాదుంపలు పొగలు కక్కుతుండగానే తెల్ల వైను పోయకపోతే యజమాని ఇట్టే పసిగట్టాడనీ, పెద్దింటి మనిషంటే అతడేననీ తీర్పు చెబుతాడు. పారిస్ ప్రేక్షకులకు అంత ఔదార్యం లేకపోయింది. ఒక యూదు నటుడు మార్క్విస్ కావడం కొందరికి మింగుడుపడలేదు. 1940లో ఆయన దేశం విడిచి పారిపోయాక, నాజీలు ఆయన ఫొటోను యూదుడి నమూనాగా గోడలకు అంటించారు. అదే మనిషి 1942లో హాలీవుడ్ 'కాసాబ్లాంకా'లో జూదశాల ఉద్యోగిగా క్షణకాలం కనిపిస్తాడు. యుద్ధం తరువాత ఫ్రాన్స్‌కు తిరిగివచ్చి చాలా చిత్రాల్లో నటించాడు గాని, మార్క్విస్ వంటి వేషం మళ్లీ దక్కలేదనే నా అభిప్రాయం. గోడలకు వ్యతిరేకినన్న జవాబును ఆ ముఖంతో కలిపి వినాలి.

ప్రశ్న వేసినవారు: అలాగైతే ఒక్తావ్ మాటకు 'కారణాలు' ఉంచి, మార్క్విస్ చేత "ఎవరి సబబు వారిని చెప్పుకోనివ్వు" అనిపిస్తే ఎలా ఉంటుంది?

యానాం మాస్టారు: స్నేహితుడి మాటనే అందుకుని తిరిగి అప్పగిస్తాడు గదా మార్క్విస్, మీరు రెండు మాటలు వాడితే ఆ అప్పగింత ఎక్కడ మిగిలింది?

తిక్కన అభిమాని: రెండు చోట్లా సబబే వాడితే మిగులుతుంది.