పాస్‌పోర్టులో ‘లెట్’ అంటే అనుమతా, అడ్డా? ఆ మాట ఇంకా ఉండాలా?

గోదారిగట్టు:
రెన్యువల్ అయి వచ్చిన పాస్‌పోర్టుని నిన్న పనిలేక మొదటి నుంచీ చదివాను. రాష్ట్రపతి పేరిట ఒక విన్నపం ఉంటుంది కదా, మనలో ఎవరూ చదవనిది. అందులో ఈ పాస్‌పోర్టు ఉన్న మనిషిని ‘వితవుట్ లెట్ ఆర్ హిండ్రెన్స్’ స్వేచ్ఛగా వెళ్ళనివ్వమని ఉంది. పక్కన కూర్చున్న మా పదో తరగతి అమ్మాయి, “లెట్ అంటే వెళ్ళనివ్వడం కదా నాన్నా, మరి వితవుట్ లెట్ అంటే వెళ్ళనివ్వకుండా అనేగా?” అంది. ఏం చెప్పాలో తోచలేదు. హిందీలో చూస్తే ‘బినా రోక్-టోక్’ అని ఉంది. అంటే ఇక్కడ లెట్ అంటే అడ్డు! డిక్షనరీ తీస్తే ఆ అర్థం ఉంది, పాత ప్రయోగం అని పక్కన గుర్తు పెట్టి మరీ ఉంది.

నా వాదన ఒకటే. ఇవాళ అందరికీ తెలిసిన అర్థానికి సరిగ్గా ఎదురుగా ఉన్న మాట, కోట్ల మంది చేతుల్లో తిరిగే పత్రంలో ఎందుకు? తీసేస్తే ఏం పోతుంది? ‘హిండ్రెన్స్’ అన్నా అడ్డే కదా, అదొక్కటి చాలదా? కాదనేవాళ్ళు కారణం చెప్పండి.

టులెట్‌బోర్డు:
మా అమీర్‌పేటలో గేటు గేటుకీ ‘టు-లెట్’ బోర్డే. ఇన్నాళ్ళూ దానర్థం ‘అడ్డుకోబడును’ అన్నమాట. బ్యాచిలర్స్ అనగానే తలుపేసే ఓనర్లకి కరెక్ట్‌గా సరిపోయింది.

పాతకాగితం:
నవ్వులాటకి బాగుంది గానీ, బోర్డు మీది లెట్, పాస్‌పోర్టులోని లెట్ వేరు వేరు మాటలు. గోదారిగట్టు గారు ఒక మాటకి రెండు అర్థాలు అనుకుంటున్నారు, అక్కడే పొరపాటు. ఇవి రెండు మాటలు, నలిగి నలిగి ఒకే రూపానికి వచ్చాయి.

వెయ్యేళ్ళ కిందటి ఇంగ్లీషులో వదలడం, అనుమతించడం అనే క్రియలో మొదటి అచ్చు దీర్ఘం. మనం ‘వచ్చాడు’ అన్నప్పుడు ‘చ్చా’లో నోటి వెంట వచ్చే శబ్దం ఉందే, దాదాపు అలాంటిది. అడ్డగించడం అనే క్రియ ‘లెట్టన్’. పొట్టి అచ్చు, ఒత్తు టకారం. తెలుగు చెవికైతే ఈ రెండింటి తేడా ఇట్టే పట్టుబడేది. తర్వాత ఇంగ్లీషువాళ్ళు ఒత్తులు పలకడం మానేశారు, ఆ దీర్ఘం కూడా కుదించుకుపోయింది, చివరి అక్షరాలు రాలిపోయాయి. రెండింటికీ మిగిలింది ఒక్కటే ‘లెట్’. మనకి ‘మాను’ అంటే చెట్టు, ‘మాను’ అంటే మానెయ్యి. చెట్టుకీ మానెయ్యడానికీ చుట్టరికం వెతుకుతామా?

ఈ లెట్టన్ పుట్టింది నెమ్మదైన, ఆలస్యమైన అనే అర్థం ఉన్న మాట నుంచి. ఈనాటి ‘లేట్’ అదే. అంటే అడ్డగించడం మొదట్లో ఆలస్యం చేయడమే.

షేక్‌స్పియర్ కాలానికి రెండూ పక్కపక్కనే బతికున్నాయి. ‘హామ్లెట్’ మొదటి అంకంలో తండ్రి దయ్యం చెయ్యూపి రమ్మంటుంది. స్నేహితులు హామ్లెట్‌ని పట్టుకుని ఆపుతారు. అప్పుడతను, “నన్ను ‘లెట్’ చేసినవాణ్ణి దయ్యాన్ని చేసేస్తా” అంటాడు. ఈ కాలం అర్థంతో చదివితే, వెళ్ళనిచ్చినవాణ్ణి చంపుతానంటున్నాడేమిటని బుర్ర తిరుగుతుంది. మాకు కాలేజీలో ఈ సీన్ చెప్పిన మేష్టారు ఆ లైను దగ్గర గొంతు పెంచి చదివారే గానీ అర్థం చెప్పలేదు. పాపం, ఆయనకీ అనుమానమే అయ్యుంటుంది.

ఆదివారంబడి:
ఇంకా తమాషా కింగ్ జేమ్స్ బైబిల్లో ఉంది, 1611 నాటిది. నిర్గమకాండం 5వ అధ్యాయం తీయండి. 1వ వచనంలో మోషే, అహరోను ఫరో దగ్గరికి వెళ్ళి నా జనాన్ని పోనివ్వమని దేవుడి మాట చెప్తారు. అక్కడ ‘లెట్’ ఉంది. మూడు వచనాలు దాటి 4వ వచనంలో ఫరో, ‘మీరెందుకు జనాన్ని పనులు చేసుకోకుండా ఆపుతున్నారు’ అంటాడు. అక్కడా ‘లెట్’ ఉంది! ఒకే పేజీలో, ఒకే సంభాషణలో, మొదటిది పోనివ్వడం, రెండోది ఆపడం. నేను పిల్లలకి ఇంగ్లీషు బైబిల్ చెప్పేటప్పుడు ఈ పేజీ దగ్గర ప్రతి ఏడాదీ ఎవడో ఒకడు చెయ్యెత్తుతాడు.

రెండో థెస్సలొనీకయుల పత్రిక 2వ అధ్యాయం 7వ వచనం ఇంకా ఘోరం, ఒక్క వాక్యంలోనే ఈ అడ్డు లెట్ రెండుసార్లు. తెలుగు బైబిల్లో ఈ తిప్పలు లేవు, ‘అడ్డగించుచున్నవాడు’ అని హాయిగా ఉంది. 1881లో ఇంగ్లీషు కొత్త నిబంధనని సవరించినప్పుడు వాళ్ళు కూడా అక్కడ లెట్ తీసేసి ‘రిస్ట్రెయిన్’ పెట్టారు. దేవుడి వాక్యంలోనే మార్చుకున్నారు, పాస్‌పోర్టులో మారిస్తే ఏం? నా ఓటు గోదారిగట్టు గారికే.

సెకండ్‌సర్వ్:
టెన్నిస్ గురించి ఎవరూ అనలేదేంటి? సర్వీస్ నెట్టుకి తగిలి బాక్సులో పడితే అంపైర్ ‘లెట్’ అంటాడు, మళ్ళీ సర్వ్ చేయాలి. కానీ అది ఈ పాత మాట కాదండీ. ‘నెట్’ అన్నదే నోళ్ళలో నలిగి ‘లెట్’ అయింది. మా కోచ్ చెప్పారు, ఆయన ముప్ఫై ఏళ్ళుగా ఆడిస్తున్నారు.

పాతకాగితం:
ఆట విషయంలో మీ కోచ్ గారితో నేను పోటీ పడలేను. కానీ ఒక్కటి చెప్పండి. స్క్వాష్‌లో నెట్టే లేదు. ఇద్దరూ ఒకే గోడ వైపు కొడతారు. అక్కడ ఎదుటివాడు దారికి అడ్డొస్తే ఆటగాడు అడిగేదేమిటి? ‘లెట్’. ఇవ్వాలో వద్దో రిఫరీ తేలుస్తాడు. నెట్ లేని ఆటలోకి ఆ మాట ఎలా దూరింది?

సెకండ్‌సర్వ్:
ఇది ఆలోచించలేదు. టెన్నిస్‌లో కూడా పక్క కోర్టు బంతి దొర్లుకుంటూ వస్తే లెట్ ఇస్తారు, నెట్టుతో దానికి సంబంధమే లేదు. బ్యాడ్మింటన్‌లో అయితే సర్వీస్ నెట్టుకి తగిలి సరైన చోట పడితే ఆట అలాగే సాగుతుంది, పక్క కోర్టు కాక్ వచ్చిపడితే మాత్రం లెట్. సరే, ఒప్పుకున్నా. కోచ్‌కి నేను చెప్పను, మీరే చెప్పుకోండి.

అయితే గోదారిగట్టు గారూ, ఇక్కడ మీ వాదనకి ఒక దెబ్బ తగిలింది. ఆ మాట చచ్చిపోలేదు. రోజూ గ్రౌండ్‌లో వినిపిస్తూనే ఉంది.

గోదారిగట్టు:
వినిపిస్తోంది గానీ అర్థం తెలిసి ఎవరంటున్నారు? మీరే ఇంతసేపూ ‘నెట్’ అనుకున్నారు కదా. అర్థం పోయి కూత మిగిలింది. కబడ్డీ కూతకి అర్థం అడుగుతామా?

వేరుపురుగు:
పాతకాగితం గారు చుట్టరికమే లేదు అన్నట్టు తేల్చేశారు, అక్కడ నాకు అభ్యంతరం. ఇంగ్లీషు దగ్గర ఆగిపోతే రెండు మాటలే. ఇంకా వెనక్కి, జర్మన్, లాటిన్ లాంటి భాషలన్నింటికీ తల్లి అని పండితులు ఊహించిన భాష దాకా వెళ్తే రెండింటికీ ఒకటే ధాతువు చూపిస్తారు. దాని అర్థం సడలడం, వదులు కావడం.

తెలుగు ‘వదులు’ని పెట్టి చూడండి, విషయం సులువుగా తెలుస్తుంది. పట్టు వదులైతే పట్టుకున్న మనిషి వెళ్ళిపోగలడు. అది అనుమతి లెట్. ఒళ్ళు వదులైతే అడుగు ముందుకు పడదు, వెనకబడతాం, లేటవుతాం. ఇంకొకణ్ణి అలా వెనకబడేలా చేయడం అడ్డు లెట్. కాబట్టి ‘మాను’ పోలిక ఇక్కడ అతకదు. ఇవి చిన్నప్పుడే విడిపోయి, పెద్దయ్యాక ఒకే వీధిలో ఎదురెదురు ఇళ్ళు కట్టుకున్న అన్నదమ్ములు.

పాతకాగితం:
ఒప్పుకుంటాను, ‘మాను’ తొందరపడి అన్నాను. కానీ మీరు చెప్పింది వేల ఏళ్ళ కిందటి సంగతి. మాట్లాడేవాడి నోట్లో అవి రెండు మాటలుగానే ఉండేవి, వాడికి ధాతువు గొడవ తెలియదు.

నల్లకోటు:
మాట తీసేయాలి అనేవాళ్ళకి ఒక సంగతి. లాయర్ల భాషలో మాటలు జంటగా వస్తాయి. ‘విల్ అండ్ టెస్టమెంట్’, రెండూ వీలునామానే. ‘గుడ్స్ అండ్ చాటెల్స్’, రెండూ సామానే. ఫ్రెంచి మాట్లాడే నార్మన్ల పాలన వచ్చాక ఇంగ్లండులో కోర్టు భాష ఫ్రెంచి, జనం భాష ఇంగ్లీషు. ఇద్దరికీ అర్థం కావాలని ఒక ఇంగ్లీషు మాట, ఒక ఫ్రెంచి మాట పక్కపక్కన వేశారు. ‘లెట్ ఆర్ హిండ్రెన్స్’ అలాంటిదే. ఒకటి పీకేస్తే జంట చెడుతుంది.

మన దస్తావేజుల్లో లేవా? ‘హక్కు భుక్తములు’, ‘అడ్డు ఆటంకములు’. ‘పుత్రపౌత్ర పారంపర్యంగా’ అన్నదాన్ని ‘వారసత్వంగా’ అని మార్చమంటే మీ తాతగారు ఒప్పుకునేవారా?

వేరుపురుగు:
జంటల కథ బాగుంది కానీ ఈ జంటకి వర్తించదు. ‘హిండర్’ కూడా అచ్చమైన పాత ఇంగ్లీషే. చివర తగిలించిన ‘అన్స్’ ముక్క ఒక్కటే ఫ్రెంచి. ఆపెయ్, మానెయ్ అని చెప్పే ‘సీస్ అండ్ డెసిస్ట్’ అయితే రెండూ ఫ్రెంచి నుంచి వచ్చినవే. లాయర్లు రెండేసి మాటలు వేయడానికి అలవాటు, వినసొంపు కూడా కారణమే. పేజీకి ఇంత అని ఫీజు కూడానేమో, మీకే తెలియాలి.

నల్లకోటు:
ఫీజు మాట వదిలేయండి సార్. మిగతాది సరే.

డల్లాస్‌బాబాయ్:
ఆలస్యంగా వచ్చాను. మా ఇంట్లో రెండు రకాల పాస్‌పోర్టులున్నాయి, నాది అమెరికాది, మా అమ్మగారిది ఇండియాది. ఇప్పుడే పక్కపక్కన పెట్టి చూశాను. ఇండియాది బ్రిటిష్ పాస్‌పోర్టు వరసలోనే ఉంది, అందులోనూ ఇవే మాటలు. అమెరికా దాంట్లో ‘వితవుట్ డిలే ఆర్ హిండ్రెన్స్’ అని ఉంది. లెట్ లేదు. ఎవరికీ ఏ ఇబ్బందీ రాలేదు. పాతకాగితం గారు పైన అన్నట్టు అసలు అర్థమే ఆలస్యం అయితే, ఇది అనువాదం కూడా సరిగ్గా ఉన్నట్టేగా.

ఇంకో మాట. లెట్ ఉన్నా లేకపోయినా ఇమిగ్రేషన్ క్యూలో మా అమ్మగారు నాకంటే గంట ఎక్కువ నిలబడ్డారు. రాష్ట్రపతి గారి విన్నపం ఆ కౌంటర్ దాకా చేరినట్టు లేదు.

గోదారిగట్టు:
ఇదీ నాకు కావలసింది! డిలే పెట్టేయండి, గొడవ వదిలిపోతుంది.

దస్తావేజు:
నేను ముప్ఫై ఏళ్ళుగా డాక్యుమెంట్లు రాస్తున్నాను. పండితుణ్ణి కాను, జరిగింది చెప్తాను.

పోయిన ఏడాది ఒకాయన ఫ్లాటు కొన్నారు. ఇంగ్లీషు సేల్ డీడ్. అందులో మామూలుగా వచ్చే క్లాజే, కొన్నాయన ఆ ఆస్తిని అమ్మినవాళ్ళ నుంచి ‘వితవుట్ ఎనీ లెట్ ఆర్ హిండ్రెన్స్’ అనుభవించుకోవచ్చు అని. స్టాంపు డ్యూటీ కట్టేశారు, స్లాట్ బుక్ అయింది, సాక్షులు వచ్చి కూర్చున్నారు. సంతకానికి ముందు ఆయన పేజీ పేజీ చదివి, ఆ లైను కింద పెన్నుతో గీత గీశారు. “ఏమయ్యా, డబ్బు మొత్తం కట్టి కొనుక్కుంటే, నా ఫ్లాటు అద్దెకివ్వకూడదని రాస్తావా?” అన్నారు. ‘వితవుట్ ఎనీ లెట్’ అంటే ‘అద్దెకివ్వకుండా’ అని ఆయన చదువుకున్నారు! అమ్మేవాళ్ళకి టెన్షన్ పట్టుకుంది, ఇదేదో కొత్త పేచీ అని. నేను అడ్డు, అడ్డు అని ఎంత చెప్పినా ఆయన బయట గోడ మీద ఉన్న టు-లెట్ కాగితం వైపు చెయ్యి చూపించారు. తప్పు చదివారని నేను అనలేను. ఆయనకి తెలిసిన లెట్ అదొక్కటే.

చివరికి ఆ పేజీ మళ్ళీ ప్రింటు తీశాం. లెట్ తీసేసి ‘ఇంటరప్షన్’ పెట్టాను. స్లాట్ టైముకి ఐదు నిమిషాల ముందు సంతకాలయ్యాయి.

తెలుగు దస్తావేజులో ఈ బాధ నాకు ఎప్పుడూ రాలేదు. ‘ఎట్టి అడ్డు ఆటంకములు లేకుండా యథేచ్ఛగా అనుభవించుకొనవలసినది’ అని రాస్తే నిశాని వేసే ముసలమ్మకి కూడా చదివి వినిపించగానే అర్థమవుతుంది.

నల్లకోటు:
దస్తావేజు గారూ, ఆ క్లాజులో లెట్ ఉన్నా ఆయన హక్కుకి ఢోకా ఏమీ ఉండేది కాదు. పక్కనే హిండ్రెన్స్ ఉంది కదా, అర్థం అదే తేల్చేస్తుంది.

దస్తావేజు:
మీకు తేలుతుంది సార్. ఐదు నిమిషాల్లో సంతకం పెట్టాల్సిన ఆయనకి తేలాలి కదా.

పాతకాగితం:
దస్తావేజు మార్చడం న్యాయమే, అక్కడ డబ్బు, భయం ఉన్నాయి. పాస్‌పోర్టులో మాత్రం నేను వద్దనే అంటాను. అక్కడ ఎవరికీ నష్టం లేదు. ఆ మాట అక్కడ ఉండబట్టే ఓ పదో తరగతి పిల్ల ప్రశ్న వేసింది, మనం హామ్లెట్ దగ్గర నుంచి స్క్వాష్ కోర్టు దాకా తిరిగొచ్చాం. ‘డిలే’ అని ఉంటే మీ అమ్మాయి అడిగేదా? పైగా డిలే అర్థంలో సగమే. లెట్ ఆలస్యంతో మొదలై ఆపేయడం దాకా వెళ్ళింది. ఆపేయడం ఆలస్యం కాదు.

మనకి ‘బండి నిలిపాడు’, ‘మాట నిలిపాడు’ రెండూ ఉన్నాయి. మొదటిది ఆగిపోయింది, రెండోది ఆగకుండా నిలబడింది. ఎదురర్థాలు వస్తున్నాయని ‘నిలుపు’ని ఎవరైనా తీసేస్తారా?

గోదారిగట్టు:
నిలుపు మన నోట్లో ఉంది, రెండర్థాలూ తెలిసే వాడతాం. ఆ లెట్ అలా కాదు, తెలిసినవాడికే తెలుసు. నా మాట మీదే ఉన్నాను. కాకపోతే దాన్ని తప్పు ఇంగ్లీషు అనుకున్నాను మొదట్లో, అది మాత్రం వెనక్కి తీసుకుంటున్నాను.

టులెట్‌బోర్డు:
దస్తావేజు గారూ, ఇంతకీ ఆ ఫ్లాటాయన అద్దెకిచ్చారా లేదా?

దస్తావేజు:
ఇచ్చారు. అగ్రిమెంటుకి పోయిన వారం మా ఆఫీసుకే వచ్చారు. ఈసారి ‘లెట్’ అని రాయమని ఆయనే అడిగారు. నేను రాయలేదు, ‘అద్దెకు’ అని తెలుగులో రాసిచ్చాను.