వెసక్ మల: "మాల" కాదు, పువ్వు

శ్రీలంక ఆర్కిడ్ ఫోటో ఒకటి మొన్న ఒక గ్రూపులో పెట్టి, కింద "వెసక్ మాల, అంటే వైశాఖ మాసపు దండ" అని రాశాను. సింహళం తెలిసిన ఒకాయన పాపం మర్యాదగానే దిద్దారు, అక్కడ దీర్ఘం లేదండీ, అది మల, దండ కాదు పువ్వు అని. సిగ్గేసింది కానీ ఆ తర్వాత తవ్వితే చాలా సంగతులు దొరికాయి, అందుకే ఈ పోస్టు.

పాత సింహళంలో దీర్ఘాలన్నీ హ్రస్వాలైపోయాయి. గ్రామం పాళీలో (పాత బౌద్ధ గ్రంథాల భాష) గామ, సింహళంలో గమ. వైశాఖం పాళీలో వేసాఖ, అక్కడ వెసక్. ఈ లెక్కన మల కూడా మాల నుంచే వచ్చిందని, అర్థం మాత్రం దండ నుంచి పువ్వుకు జరిగిందని ఒక వాదం. తమిళ "మలర్" (పువ్వు) వైపు చూసేవాళ్లూ ఉన్నారు. నాకైతే మొదటిదే సబబు అనిపిస్తుంది, ఎందుకంటే దీర్ఘం పోవడం ఆ భాషకి మామూలే.

ఇంకో తమాషా, ఒక పువ్వయితే మల, చాలా పువ్వులైతే మల్. మనం బహువచనానికి "లు" తగిలిస్తాం, వాళ్లు ఇలాంటి మాటల్లో ఉన్నదే కోసేస్తారు!

పువ్వు సంగతి: ఇది శ్రీలంకలో తప్ప సహజంగా ఇంకెక్కడా పెరగదు. నైరుతి వైపు వానలు బాగా పడే పల్లపు అడవుల్లో, సింహరాజ లాంటి చోట్ల, చెట్ల మీద కాడలు కిందికి వేలాడుతూ ఉంటుంది, గులాబీ కలిసిన ఊదా రంగు పూలు. మే నెలలో, సరిగ్గా బుద్ధ పూర్ణిమ రోజుల్లో (అక్కడ ఆ పండగనే వెసక్ అంటారు) పూస్తుంది కాబట్టి ఆ పేరు. శాస్త్రీయ నామం డెండ్రోబియం మెకార్తియే. శ్రీలంకలోని పేరాదెనియ వృక్షశాస్త్ర తోట చూసుకున్న శాస్త్రవేత్త థ్వెయిట్స్ 1855లో పెట్టాడు, అప్పటి సిలోన్ కలోనియల్ సెక్రటరీ మెకార్తీ గారి భార్య పేరు మీద. ఊళ్లోవాళ్లు పున్నమిని చూసి పిలిస్తే దొరగారు దొరసానిని తలుచుకున్నాడు. అడవులు తరిగిపోవడం, అందంగా ఉందని పీకి తీసుకుపోవడం వల్ల ఇప్పుడిది అరుదు.

కామెంట్లలో అడిగినవీ, నా జవాబులూ:

— అన్నా, ఆ పండక్కి వేలాడదీసే కాగితపు లాంతర్లని "వెసక్ కూడు" అంటారు, విన్నావా? అది మన గూడేనా?

— భలే పట్టావు తమ్ముడూ. ఏకవచనం కూడువ, బహువచనం కూడు, ఇక్కడా తోక కోతే. పక్షి గూడు, పంజరం, లాంతరు అన్నిటికీ అదే మాట. తమిళంలో కూడు, మనకి గూడు, ద్రావిడం నుంచి వాళ్లకి వెళ్లిన మాట అంటారు. తినే కూడు అనుకుని ఎవరూ కంచం పట్టుకోకండి.

— మా విశాఖకి ఏమన్నా సంబంధం ఉందాండీ?

— పున్నమినాడు చంద్రుడు విశాఖ నక్షత్రం దగ్గర ఉండే నెల వైశాఖం. నక్షత్రం దాకా ఒక్కటే మేడమ్. ఊరి పేరు పంచాయితీ వేరే పోస్టులో పెట్టుకుందాం, ఇక్కడ మొదలైతే తెల్లారిపోతుంది.

— మరి ఈ ఆర్కిడ్ మన బదనికే కదా? మామిడి చెట్ల మీద ఉంటుంది.

— కాదండీ, ఇక్కడ కొంచెం జాగ్రత్త. చెట్టు మీద మొలిచిన దేన్నయినా బదనిక అనేస్తాం, కానీ మామిడిని పట్టి పీడించే బదనిక వేరు దించి చెట్టులోంచి నీళ్లు లాగుతుంది. ఆర్కిడ్ ఊరికే కొమ్మని పట్టుకుని కూర్చుంటుంది, గాలిలో తేమ, వాన నీళ్లు దానికి చాలు. ఈ కలగాపులగం మన ఒక్కళ్లదే కాదు లెండి, సంస్కృతంలో బదనికని వందా అంటారు, ఆర్కిడ్లలో "వాండా" అనే జాతికి ఆ పేరే పెట్టారు.

— అయితే తెలుగులో ఏమని రాయమంటారు? వైశాఖ విరి?

— విరి బాగుంది. నేను మాత్రం ఫోటో కింద "వెసక్ మల, వైశాఖంలో పూసే పువ్వు" అని మార్చేశాను.