40 టెస్టుల్లో 9 విజయాలే: పటౌడీని గొప్ప కెప్టెన్ అనడం సబబేనా?

ప్రశ్న:
మన్సూర్ అలీ ఖాన్ పటౌడీ 40 టెస్టులకు నాయకత్వం వహించగా భారత్ 9 గెలిచి, 19 ఓడింది. అయినా మా ఇంట్లో పెద్దవాళ్లు కెప్టెన్ అన్న మాట వస్తే ముందుగా ఆయన పేరే తలుస్తారు. ఆయన ఆట చూసే వయసు నాది కాదు. ఈ అంకెలకూ ఆ గౌరవానికీ పొంతన ఎలా కుదురుతుందో తెలిసినవారు దయచేసి వివరించగలరు.

జవాబు 1:
ఆ బాధ్యత ఆయనకు ఎలా వచ్చిందో ముందు చూడాలి. 1962 మార్చిలో బార్బడోస్‌లో చార్లీ గ్రిఫిత్ బంతి తగిలి అప్పటి కెప్టెన్ నారీ కాంట్రాక్టర్ ప్రాణాపాయ స్థితిలో ఉండగా, 21 ఏళ్ల 77 రోజుల వయసులో జట్టు పగ్గాలు పటౌడీ చేతికొచ్చాయి. ఇంగ్లండ్‌లో జరిగిన కారు ప్రమాదంలో ఆయన కుడికన్ను చూపు పోయి అప్పటికి తొమ్మిది నెలలైనా నిండలేదు. మనకు చెప్పుకోదగ్గ ఫాస్ట్ బౌలర్లు లేని కాలమది. లేనివారి కోసం ఎదురుచూడకుండా, ఉన్న స్పిన్నర్లనే నమ్ముకుని విదేశాల్లోనూ దాడికి దిగడం ఆయన తెచ్చిన మార్పు. 1967లో బర్మింగ్‌హామ్‌లో ఏకంగా నలుగురు స్పిన్నర్లను ఆడించారు. ఆ మ్యాచ్ ఓడిపోయాం, కానీ మరుసటి ఏడాది న్యూజిలాండ్‌లో 3-1తో గెలిచాం. 1932 నుంచి టెస్టులు ఆడుతున్న మనకు విదేశీ గడ్డపై అదే తొలి సిరీస్ విజయం. ఆ సిరీస్‌లో స్పిన్నర్ ప్రసన్న ఒక్కరే 24 వికెట్లు తీశారు.

జవాబు 2:
పై మాటలతో ఏకీభవిస్తూనే, బ్యాటింగును పక్కన పెట్టి ఆయన నాయకత్వాన్ని తూచలేమని నా అభిప్రాయం. ఆయన ఆరు శతకాలూ ప్రమాదం తర్వాతివే. 1967లో ఇంగ్లండ్‌లోని హెడింగ్లీలో ఫాలో ఆన్ (తొలి ఇన్నింగ్స్‌లో బాగా వెనుకబడి వెంటనే మళ్లీ బ్యాటింగ్‌కు దిగడం) ఆడుతూ 148 చేసినప్పుడు జట్టు 510 పరుగుల దాకా వెళ్లింది. ఆ తర్వాత మెల్‌బోర్న్‌లో తొడ కండరం పట్టేసి సరిగా పరుగెత్తలేని స్థితిలోనూ 75, 85 చేశారు. ఆ రెండు టెస్టులూ ఓటముల లెక్కలోనే ఉన్నాయి.

జవాబు 3:
హైదరాబాద్ వాళ్లకు ఆయనంటే ప్రత్యేకమైన అభిమానం. భారత జట్టుకు కెప్టెన్ అయివుండి కూడా రంజీల్లో మన ఎం.ఎల్. జయసింహ నాయకత్వంలో ఆడారు. 1968లో జయసింహ గారు పర్యటన మధ్యలో ఆస్ట్రేలియా చేరుకుని, బ్రిస్బేన్‌లో పటౌడీ కెప్టెన్సీలో 74, 101 చేశారు. 395 లక్ష్యంతో ఆడి 39 పరుగుల తేడాతో ఓడిపోయాం.

ప్రశ్న అడిగినవారు:
అందరికీ ధన్యవాదాలు. మరి 1971లో ఆయనను తప్పించాకే కదా వెస్టిండీస్‌లో, ఇంగ్లండ్‌లో గెలిచింది?

జవాబు 1:
నిజమే. సెలక్షన్ కమిటీలో విజయ్ మర్చంట్ నిర్ణాయక ఓటుతో కెప్టెన్సీ వాడేకర్‌కు వెళ్లింది. ఆ విజయాల ఘనత వాడేకర్‌దే, అందులో వాదన లేదు. అయితే ఇంగ్లండ్‌లో గెలిచిన ఓవల్ టెస్టులో బంతి పట్టిన స్పిన్నర్లు చంద్రశేఖర్, బేడీ, వెంకట్రాఘవన్ ముగ్గురూ తమ తొలి టెస్టు ఆడింది పటౌడీ కెప్టెన్సీలోనే.