సమస్య: ‘రాజు దూత యయ్యె రాజు పంప’

నిర్వాహకుడు: పైన ఇచ్చింది చివరి పాదం, దానికి అతికేలా ముందు మూడు పాదాలు రాసి పూరించండి. ఛందస్సు ఆటవెలది. విషయం ఆస్ట్రేలియా మాజీ ప్రధానులు. రాయబారం అనగానే కృష్ణుడి దగ్గరికి పరుగెత్తకండి, ఆయన రాజు కాడు!

పద్యప్రియ:

కెవిను రడ్డు నాడు గెలిచిన పీఠమున్
తోటివారె లాగి తోసినారు;
ఆల్బనీజు నాటి యనుచరుం డేలగా
రాజు దూత యయ్యె రాజు పంప.

నిర్వాహకుడు: తర్వాత వాషింగ్టన్‌కు రాయబారిగా వెళ్లిన మాజీ ప్రధాని రడ్‌ను 2010లో సొంత పార్టీవాళ్లే దించేసిన సంగతి రెండో పాదంలో బాగా ఇమిడింది. కానీ ‘తోసినారు, ఆల్బనీజు’ అన్నచోట విసంధి ఉంది, అంటే కలవాల్సిన అచ్చులు కలవకుండా విడిగా నిలిచాయి. మూడో పాదాన్ని ‘నాటి మంత్రి నేడు నాయకుండై నిల్వ’ అని మార్చి చూడండి. రడ్‌ను పంపిన ప్రధాని ఆల్బనీజ్ నిజంగానే రడ్ మంత్రివర్గంలో పనిచేశారు, 2013లో ఉపప్రధాని కూడా.

పద్యప్రియ: ధన్యోస్మి గురువుగారూ. యతి టెన్షన్‌లో సంధి చూసుకోలేదు.

పాతపుస్తకం:

బ్రూసు తనదు సీటు పోయిన పిమ్మట
లండనందు దేశ లాభ మరసె;
పదియు రెండు నేండ్లు పదవిలో నుండెను
రాజు దూత యయ్యె రాజు పంప.

నిర్వాహకుడు: స్టాన్లీ బ్రూస్ గుర్తుకు రావడమే విశేషం. 1933 నుంచి 1945 దాకా లండన్‌లో హైకమిషనర్, అంటే రాయబారే. గణాలు, యతులు సరిపోయాయి. అయితే పంపిన రాజు ఎవరు? పద్యంలో జాడ లేదు. మూడో పాదం సర్వీసు రికార్డులా ఉంది, సమస్యకు అతకలేదు.

పాతపుస్తకం: ఒప్పుకున్నాను. ఒక ముచ్చట మాత్రం చెప్పనివ్వండి. 1929లో బ్రూస్ ప్రధానిగా ఉంటూనే సొంత సీటు ఓడిపోయారు. మళ్లీ అలా ఓడిన ప్రధాని 2007లో జాన్ హోవర్డ్. ఆ ఎన్నికల్లో గెలిచి గద్దెనెక్కింది రడ్డే!

మెల్‌బోర్న్ మాస్టారు: ఒక అభ్యంతరం. ఇక్కడ రాజు చార్లెస్. ప్రధాని మంత్రే కదా?

నిర్వాహకుడు: మాస్టారూ, ఏలేవాణ్ణి రాజనే చనువు పద్యానికి ఇవ్వాలి. మీ పూరణ ఏదీ?

మెల్‌బోర్న్ మాస్టారు:

చీని భాష నేర్చి చేరె బీజింగును
తిరిగి వచ్చి రాజ తిలక మొందె
పదవి చెదర పాత పని పిలిచె మరల
రాజు దూత యయ్యె రాజు పంప.

నిర్వాహకుడు: భేష్! రడ్ రాజకీయాల్లోకి రాకముందు స్టాక్‌హోమ్, బీజింగ్ రాయబార కార్యాలయాల్లో ఉద్యోగి. 2023లో వాషింగ్టన్‌కు రాయబారిగా వెళ్లడం పుట్టింటికి వెళ్లినట్టే. ‘పాత పని పిలిచె’ అన్న మూడు మాటల్లో అదంతా వచ్చేసింది. 2008 ఫిబ్రవరి 13న ఆదివాసులకు పార్లమెంటులో రడ్ చెప్పిన క్షమాపణ మాత్రం ఎవరి పద్యంలోనూ రాలేదేం?

పద్యప్రియ: ‘క్షమాపణ’ మొదటి అక్షరం లఘువు, రెండోది గురువు. ఆటవెలదిలో ఎక్కడ పెట్టినా ముందు మాటను పట్టుకు వేలాడుతోందండీ. సీసంలో ప్రయత్నిస్తా.